డీఎల్ఎల్ లేదంటోందా? ముందు ఎందుకో కనుక్కోండి

ఇంజినీరింగ్ చదువుతున్నవాళ్లలో ఈ మెసేజ్ చూడనివాళ్లు ఉండరు. ఏదో సాఫ్ట్‌వేర్ ఇన్‌స్టాల్ చేస్తాం, ఐకాన్ మీద రెండుసార్లు నొక్కుతాం. తెరమీద ఒక చిన్న పెట్టె వస్తుంది. మీ కంప్యూటర్లో ఎంఎస్‌వీసీపీ140.డీఎల్ఎల్ కనిపించడం లేదు కాబట్టి ప్రోగ్రాం మొదలవదు అంటుంది. గేమ్ అయితే డీ3డీఎక్స్9_43.డీఎల్ఎల్ లేదంటుంది. డ్రాయింగ్ సాఫ్ట్‌వేర్ అయితే ఓపెన్‌జీఎల్ సరిపోలేదంటుంది. అప్పుడు మనలో నూటికి తొంభై మంది చేసేది ఒకటే. ఆ ఫైలు పేరు గూగుల్‌లో కొట్టి, మొదట వచ్చిన సైట్‌లో డౌన్‌లోడ్ చేసి, సిస్టమ్32 ఫోల్డర్‌లో పడేయడం. పనిచేస్తే సరే, లేదంటే విండోస్ మళ్లీ ఎక్కించడం.

నా బ్లాగ్ చదివే విద్యార్థుల నుంచి నాకు ఎక్కువగా వచ్చే ప్రశ్న కూడా ఇదే. "అన్నా, ఈ డీఎల్ఎల్ లింక్ ఉంటే పెట్టవా?" అని అడుగుతారు. లింక్ అడిగేవాళ్లు వందమంది ఉంటే, "ఈ ఫైలు ఎందుకు కావాలి? ఎందుకు లేదు?" అని అడిగేవాళ్లు ఒకరో ఇద్దరో. ఉద్యోగాల వేటలో ఉన్న మీకు నేను చెప్పదలచుకున్నది ఇదే: ఆ ఒకరిద్దరిలో మీరు ఉండండి. నరసరావుపేటలో చదివినా, మాచర్ల నుంచి రోజూ బస్సులో వచ్చి చదివినా, ఖర్చు లేకుండా మిమ్మల్ని పదిమందిలో వేరుగా నిలబెట్టే నైపుణ్యం ఇది. పైగా మన తెలుగు తెరమీద సరిగ్గా కనిపించడం కూడా ఈ ఫైళ్ల మీదే ఆధారపడి ఉంది.

ఊరందరికీ ఒకటే మిల్లు

ముందు ఈ ఫైళ్ల సంగతేంటో చూద్దాం. ఊళ్లో ప్రతి రైతూ ఇంట్లో రైస్‌మిల్లు పెట్టుకోడు. ఊరికి ఒక మిల్లు ఉంటే అందరూ అక్కడే ఆడించుకుంటారు. కంప్యూటర్లోనూ అంతే. తెరమీద గీత గీయడం, బొమ్మ తెరవడం, అక్షరాన్ని చుక్కలుగా మార్చడం అన్ని సాఫ్ట్‌వేర్లకూ కావాల్సిన పనులే. ఆ పని చేసే కోడ్‌ను ఒక్కసారి రాసి, విడి ఫైలుగా పెట్టి, అందరూ వాడుకునేలా చేస్తే అది షేర్డ్ లైబ్రరీ. విండోస్‌లో దాన్ని డీఎల్ఎల్ అంటాం. లినక్స్‌లో ఎస్ఓ ఫైలు, మ్యాక్‌లో డైలిబ్.

దీనివల్ల లాభం రెండు రకాలు. డిస్క్‌లో, మెమరీలో చోటు కలిసొస్తుంది. లైబ్రరీలో తప్పు దొరికితే ఒక్కచోట సరిచేస్తే వాడుకునే అందరికీ సరిపోతుంది. నష్టం కూడా ఇక్కడే ఉంది. మిల్లు మూతపడితే ఊరంతా ఆగుతుంది. మిల్లు మారిస్తే కొందరికి పొసగదు. ఒక సాఫ్ట్‌వేర్‌కు పాత వెర్షన్ కావాలి, మరోదానికి కొత్తది కావాలి. ఈ తలనొప్పికి ప్రోగ్రామర్లు 'డీఎల్ఎల్ హెల్' అని పేరే పెట్టుకున్నారు.

మరి ఎవరి మిల్లు వాళ్లే పెట్టుకుంటే? దాని సంగతి 2023 సెప్టెంబర్‌లో తెలిసింది. వెబ్‌పీ రకం బొమ్మలను తెరిచే లిబ్‌వెబ్‌పీ అనే లైబ్రరీలో ప్రమాదకరమైన లోపం బయటపడింది. సీవీఈ-2023-4863 అన్నది దాని నంబరు. క్రోమ్, ఫైర్‌ఫాక్స్ రెండూ హడావిడిగా అప్‌డేట్లు విడుదల చేశాయి. లినక్స్‌లో ఆ లైబ్రరీని పంచుకునే సాఫ్ట్‌వేర్లన్నిటికీ ఒక్క ప్యాకేజీ అప్‌డేట్‌తో పని అయిపోయింది. ఎలక్ట్రాన్‌తో కట్టిన డెస్క్‌టాప్ యాప్‌లు మాత్రం తమ లోపల సొంత కాపీ పెట్టుకుని తిరుగుతాయి. వాటిలో ప్రతిదీ విడివిడిగా కొత్త వెర్షన్ విడుదల చేయాల్సి వచ్చింది. పంచుకోవాలా, సొంతంగా పెట్టుకోవాలా అనే ఈ ప్రశ్నకు ఒక్క సరైన జవాబు లేదు. ఇంటర్వ్యూలో దీన్ని రెండు వైపుల నుంచీ చెప్పగలిగిన ఫ్రెషర్‌ను ఎవరైనా కాసేపు ఆగి వింటారు.

డౌన్‌లోడ్ సైట్ ఎందుకు వద్దంటే

డీఎల్ఎల్ అంటే ఫొటోలాంటి ఫైలు కాదు, నడిచే కోడ్. ఒక ప్రోగ్రాం దాన్ని పిలిచిందంటే, ఆ ప్రోగ్రాంకు ఉన్న అధికారాలన్నీ ఆ కోడ్‌కూ వస్తాయి. విండోస్ ప్రోగ్రాం సాధారణంగా తనకు కావాల్సిన డీఎల్ఎల్‌ను ముందు తన సొంత ఫోల్డర్‌లో వెతుకుతుంది, ఆ తర్వాతే సిస్టమ్ ఫోల్డర్లకు వెళ్తుంది. ఈ వరసనే ఆసరా చేసుకుని, అసలు ఫైలు పేరుతోనే దొంగ ఫైలు పెట్టి చేసే దాడులు ఉన్నాయి. ఎవరు పెట్టారో తెలియని సైట్ నుంచి ఫైలు తెచ్చి మనమే సిస్టమ్32లో పెట్టడమంటే ఇంటి తాళంచెవి దారినపోయేవాడి చేతిలో పెట్టడమే. అదే లాప్‌టాప్‌లో మీ ఈమెయిల్, బ్యాంకు లాగిన్, ఉద్యోగ దరఖాస్తుల పాస్‌వర్డ్లు కూడా ఉంటాయని మర్చిపోవద్దు.

సరైన మందు ఎప్పుడూ ఆ ఫైలు పుట్టిన చోటే ఉంటుంది. ఎంఎస్‌వీసీపీ140, వీసీరన్‌టైమ్140 లేవంటే మైక్రోసాఫ్ట్ ఉచితంగా ఇచ్చే విజువల్ సీ++ రీడిస్ట్రిబ్యూటబుల్ ఎక్కించాలి. డీ3డీఎక్స్9_43 లేదంటే, 2010 జూన్ నాటి డైరెక్ట్‌ఎక్స్ రన్‌టైమ్ ప్యాకేజీ మైక్రోసాఫ్ట్ సైట్‌లోనే ఉంది. 0ఎక్స్‌సీ000007బీ అనే ఎర్రర్ వస్తే, చాలాసార్లు 64 బిట్ ప్రోగ్రాంకు 32 బిట్ డీఎల్ఎల్ తగిలిందని అర్థం. ఇక్కడో తమాషా ఉంది. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 అనే ఫోల్డర్లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు. 32 బిట్ ఫైళ్లు ఉండేది సిస్‌వావ్64లో. పేరు చూసి ఫైలు పడేస్తే తప్పడం ఖాయం.

ఓపెన్‌జీఎల్ సంగతి ఇంకా వేరు. ఓపెన్‌జీఎల్32.డీఎల్ఎల్ విండోస్‌తోనే వస్తుంది. కానీ అసలు పనిచేసేది గ్రాఫిక్స్ కార్డు కంపెనీ ఇచ్చే డ్రైవర్. డ్రైవర్ లేకపోతే విండోస్ తన దగ్గరున్న పాతకాలపు 1.1 వెర్షన్‌తో నెట్టుకొస్తుంది. దాంతో బ్లెండర్‌లాంటి సాఫ్ట్‌వేర్ తెరుచుకోదు. ఆ డీఎల్ఎల్‌ను ఎన్నిసార్లు డౌన్‌లోడ్ చేసి పెట్టినా ఫలితం ఉండదు. డ్రైవర్ ఎక్కిస్తే పదినిమిషాల్లో పని అయిపోతుంది. కారణం తెలిసినవాడికీ తెలియనివాడికీ తేడా ఇదే.

ఫోన్లను ఆపేసిన తెలుగు అక్షరం

ఇవన్నీ చిల్లర రిపేర్లేగా అనుకునేవాళ్లకు 2018 ఫిబ్రవరి గుర్తుచేయాలి. ఆ నెలలో ఒక తెలుగు అక్షరం ప్రపంచమంతటా వార్తల్లోకి ఎక్కింది. ఎవరో పంపిన మెసేజ్‌లో ఆ అక్షరం ఉంటే చాలు, ఐఫోన్‌లో ఆ యాప్ కుప్పకూలేది. నోటిఫికేషన్‌లో వస్తే ఫోనే మొరాయించేది. మ్యాక్ కంప్యూటర్లలోనూ అదే గొడవ. ఆ అక్షరం 'జ్ఞా'. జ్ఞానంలోని జ్ఞా.

మామూలుగా మనం టైప్ చేసే జ్ఞా వల్ల ఇబ్బంది రాలేదు. జ, పొల్లు, ఞ, ఆ తర్వాత కంటికి కనిపించని 'జీరో విడ్త్ నాన్ జాయినర్' అనే గుర్తు, దాని తర్వాత దీర్ఘం. ఈ ఐదూ ఈ వరసలో వస్తే యాపిల్ వారి కోర్‌టెక్స్ట్ అనే భాగం లెక్క తప్పి, తనది కాని మెమరీని పాడుచేసేది. కోర్‌టెక్స్ట్ అంటే మ్యాక్‌లో, ఐఫోన్‌లో అన్ని యాప్‌లూ పంచుకునే అక్షరాల లైబ్రరీ. అందుకే మెసేజ్ యాప్, బ్రౌజర్, మెయిల్ అన్నీ ఒకే దెబ్బకు పడ్డాయి. 2018 ఫిబ్రవరి 19న ఐఓఎస్ 11.2.6తో, మ్యాక్‌కు ఇచ్చిన మరో అప్‌డేట్‌తో యాపిల్ దీన్ని సరిచేసింది. సీవీఈ-2018-4124 పేరుతో అది రికార్డుల్లో ఉంది.

అప్పట్లో చాలామంది దాన్ని జోక్‌గా షేర్ చేశారు. నాకు మాత్రం అందులో వేరే పాఠం కనిపిస్తుంది. అంత పెద్ద కంపెనీలో, అంత పరీక్ష జరిగే సాఫ్ట్‌వేర్‌లో కూడా తెలుగు అక్షరాల కూర్పు ఒక మూలన పరీక్షకు నిలబడలేదు. మన లిపి ఎలా నడుస్తుందో తెలిసినవాళ్లు, లైబ్రరీలు ఎలా నడుస్తాయో కూడా తెలిసినవాళ్లు తగినంతమంది ఆ పనిలో లేకపోతే ఇలాంటివి మళ్లీ వస్తాయి. ఆ రెండూ తెలిసిన మనుషులు ఎక్కడి నుంచి రావాలి? మన దగ్గర నుంచే కదా.

'పల్నాడు' తెరమీదకు ఎలా వస్తుంది?

2022 ఏప్రిల్ 4న నరసరావుపేట కేంద్రంగా పల్నాడు జిల్లా ఏర్పడింది. ఆఫీసు బోర్డుల నుంచి దరఖాస్తుల దాకా అన్నిటి మీదా 'పల్నాడు' అనే మాట టైప్ చేయడం మొదలైంది. ఆ ఒక్క మాటనే తీసుకుందాం.

కంప్యూటర్ మెమరీలో పల్నాడు అంటే ఏడు కోడ్లు: ప, ల, పొల్లు, న, దీర్ఘం, డ, కొమ్ము. తెరమీద ఒకసారి చూడండి. 'ల్నా' లో దీర్ఘం ఎక్కడుంది? న తర్వాత టైప్ చేసిన దీర్ఘం వెళ్లి ల మీద కూర్చుంది. న ఒత్తుగా మారి కిందికి దిగింది. పొల్లు మాయమైంది. ఇదంతా ఎవరు చేశారు? ఫాంటు ఒక్కటే చేయలేదు. ఏ కోడ్ పక్కన ఏది వస్తే ఏ ఆకారం పెట్టాలో ఫాంటులో నియమాలు రాసి ఉంటాయి. ఆ నియమాలు చదివి అమలుచేసేది షేపింగ్ లైబ్రరీ. విండోస్‌లో ఒకప్పుడు ఈ పని యూనిస్క్రైబ్ చేసేది, యూఎస్‌పీ10.డీఎల్ఎల్ అన్నది దాని ఫైలు. విండోస్ 7 నుంచి డైరెక్ట్‌రైట్ వచ్చింది. క్రోమ్, ఫైర్‌ఫాక్స్, ఆండ్రాయిడ్, లిబ్రేఆఫీస్‌లలో ఈ పని చేసేది హార్ఫ్‌బజ్ అనే ఓపెన్‌సోర్స్ లైబ్రరీ. షేపింగ్ అయ్యాక ఆ ఆకారాలను తెరమీది చుక్కలుగా మార్చేది ఫ్రీటైప్‌లాంటి ఇంకో లైబ్రరీ.

ఇవి లేని రోజుల్లో తెలుగు ఎలా నడిచింది? డీటీపీ సెంటర్లలో పనిచేసినవాళ్లను అడగండి. అను ఫాంట్లు, పేజ్‌మేకర్ అంటారు. అక్కడ అక్షరం ముక్కలు ఇంగ్లిష్ అక్షరాల స్థానాల్లో ఉంటాయి. ఒత్తు, తలకట్టు, గుడి విడివిడిగా పేర్చడమే. షేపింగ్ లైబ్రరీ చేయాల్సిన పనిని కీబోర్డు సాఫ్ట్‌వేర్, ఆపరేటర్ కలిసి చేసేవాళ్లు. ప్రింటు అద్భుతంగా వచ్చేది. కానీ ఆ ఫాంటు లేని కంప్యూటర్లో తెరిస్తే పిచ్చి గీతలు, వెతికితే దొరకదు, వెబ్‌సైట్లో పెడితే చదవలేం. ఇప్పటికీ ఫ్లెక్స్ షాపుల్లో ఆ పద్ధతి నడుస్తోంది.

యూనికోడ్ వచ్చాక బరువంతా లైబ్రరీల మీదికి మారింది. 2001లో వచ్చిన విండోస్ ఎక్స్‌పీలో గౌతమి ఫాంటు ఇచ్చారు. అయినా కంట్రోల్ ప్యానెల్‌లో క్లిష్ట లిపుల మద్దతు అనే గడిలో టిక్ పెట్టి, విండోస్ సీడీ నుంచి ఆ ఫైళ్లు ఎక్కిస్తేనే తెలుగు సరిగ్గా కనిపించేది. అంటే తెలుగు చదవాలంటే ముందు షేర్డ్ లైబ్రరీ ఇన్‌స్టాల్ చేసుకోవాలి! తిరుమల కృష్ణ దేశికాచార్యులు పోతన, వేమన ఫాంట్లు తయారుచేసి ఉచితంగా ఇచ్చారు. తర్వాత రెడ్‌హ్యాట్ నుంచి లోహిత్ తెలుగు వచ్చింది. ఇప్పుడు గూగుల్ ఫాంట్స్‌లో మండలి, రామభద్ర, సూరన్న, పెద్దన లాంటి ఎన్నో ఉన్నాయి. లిబ్రేఆఫీస్ 2017లో వచ్చిన 5.3 వెర్షన్ నుంచి అన్ని ఆపరేటింగ్ సిస్టమ్‌లలో హార్ఫ్‌బజ్‌కే మారింది. దాంతో ఒకే తెలుగు ఫైలు విండోస్‌లో ఒకలా, లినక్స్‌లో ఇంకోలా కనిపించే బాధ తగ్గింది.

తగ్గింది కానీ పోలేదు. మన ప్రాంతపు మూడు పేర్లతోనే పరీక్ష పెట్టొచ్చు. గురజాల అని రాయండి. అందులో ఒత్తులు లేవు. షేపింగ్ పనిచేయకపోయినా గుణింతాలు కాస్త అటూఇటూ అయి, ఎలాగోలా చదవగలం. మాచర్ల అని రాయండి. ల ఒత్తు రాకుండా 'మాచర్‌ల' అని కనిపిస్తే షేపింగ్ లేదని తేలిపోయినట్టే. పల్నాడు అని రాస్తే ఒత్తు, దీర్ఘం రెండూ పరీక్షకు వస్తాయి. ఏ కొత్త సాఫ్ట్‌వేర్ తెరిచినా ముందు ఈ మూడు మాటలు కొట్టి చూడండి.

మీ ప్రాజెక్టులోనే ఉన్నాయి

ఇదంతా ఎవరికో పెద్దవాళ్లకు సంబంధించిన విషయం అనుకోవద్దు. ఫైనల్ ఇయర్ ప్రాజెక్టుల్లో ఈ ఫైళ్లు రోజూ ఎదురవుతాయి. రెండు ఉదాహరణలు చెప్తాను.

మొదటిది ఓపెన్‌సీవీ. ముఖాల గుర్తింపు, ఆకుల మీద తెగుళ్ల గుర్తింపు లాంటి ప్రాజెక్టులు చేసేవాళ్లందరూ దీన్నే వాడతారు. లాప్‌టాప్‌లో చక్కగా పనిచేస్తుంది. డాకర్‌లో పెట్టగానే, లేదా క్లౌడ్ సర్వర్ మీద ఎక్కించగానే 'లిబ్‌జీఎల్.ఎస్ఓ.1 తెరవలేకపోతున్నాను' అని ఆగిపోతుంది. కారణం సులువే. మామూలు ఓపెన్‌సీవీ ప్యాకేజీలో కిటికీ తెరిచి బొమ్మ చూపించే భాగం కూడా ఉంటుంది. దానికి గ్రాఫిక్స్ లైబ్రరీ కావాలి. సర్వర్‌కు తెరే లేదు, కాబట్టి ఆ లైబ్రరీ అక్కడ ఉండదు. మీ ప్రోగ్రాం కిటికీలు తెరవనప్పుడు 'హెడ్‌లెస్' అనే ప్యాకేజీ వాడితే సరిపోతుంది. చాలామంది ఎక్కడో చూసిన నాలుగు ఇన్‌స్టాల్ కమాండ్లు కాపీ చేస్తారు, పనిచేస్తుంది, వదిలేస్తారు. ఇంటర్వ్యూలో "ఎందుకు ఆగింది?" అని అడిగితే నోరు పెగలదు.

రెండోది పిల్లో. పైథాన్‌లో బొమ్మల మీద అక్షరాలు రాయడానికి వాడే లైబ్రరీ. కాలేజీ ఫెస్ట్‌కు సర్టిఫికెట్లు తయారుచేసే ప్రోగ్రాం రాస్తారు. ఇంగ్లిష్ పేర్లు బాగానే వస్తాయి. తెలుగులో లక్ష్మి అని ఇస్తే 'లక్‌ష్‌మి' అని ముక్కలు ముక్కలుగా వస్తుంది. ఫాంటు మారుస్తారు, మళ్లీ అదే. ఫాంటులో తప్పు లేదు, మీ కోడ్‌లోనూ లేదు. పిల్లో మామూలు పద్ధతిలో అక్షరాలను ఒకదాని పక్కన ఒకటి పెడుతుంది, షేపింగ్ చేయదు. షేపింగ్ కావాలంటే రాక్మ్ అనే లైబ్రరీ కావాలి. అది లోపల హార్ఫ్‌బజ్‌ను పిలుస్తుంది. పిల్లోతో వచ్చే రాక్మ్‌కు ఫ్రిబిడి అనే ఇంకో చిన్న ఫైలు కూడా కంప్యూటర్లో ఉండాలి. కుడి నుంచి ఎడమకు రాసే ఉర్దూ, అరబిక్ లాంటి లిపుల వరస చూసే లైబ్రరీ అది. తెలుగుకు దాంతో పని లేకపోయినా అది లేకపోతే రాక్మ్ మేలుకోదు, తెలుగు కూడా విరిగిపోతుంది! పిల్లోలోని ఫీచర్స్ అనే మాడ్యూల్‌ను అడిగితే రాక్మ్ ఉందో లేదో ఒక్క లైన్లో చెప్తుంది. ఆ ఒక్క లైన్ తెలియక తెలుగు వదిలేసి ఇంగ్లిష్‌లో సర్టిఫికెట్లు ఇచ్చే ప్రాజెక్టులు ఎన్నో. భాష అలాగే కొంచెం కొంచెంగా పక్కకు జరుగుతుంది.

దీనికి ఉద్యోగం ఎక్కడుంది?

న్యాయమైన ప్రశ్న. సూటిగానే చెప్తాను. 'డీఎల్ఎల్ నిపుణుడు కావలెను' అని ఏ కంపెనీ ప్రకటన ఇవ్వదు. ప్రాంగణ నియామకాల్లో మొదటి రౌండ్ ఆప్టిట్యూడ్, రెండోది కోడింగ్. డేటా స్ట్రక్చర్లు పక్కన పెట్టి దీని మీద కూర్చోమని నేను చెప్పడం లేదు. వారానికి నాలుగు గంటలు చాలు.

ఆ నాలుగు గంటలు ఎందుకంటే, ఉద్యోగంలో చేరాక పని అంతా కొత్త కోడ్ రాయడమే ఉండదు. ఒకచోట నడిచింది ఇంకోచోట ఎందుకు నడవడం లేదో కనుక్కోవడంలో ఎక్కువ సమయం పోతుంది. టెక్నికల్ సపోర్ట్, టెస్టింగ్, సిస్టమ్ అడ్మిన్, డెవ్ఆప్స్, బిల్డ్ అండ్ రిలీజ్ ఉద్యోగాలకు ఇదే రోజువారీ తిండి. గేమ్‌లు, క్యాడ్, కారు డిస్‌ప్లేలు, టీవీ బాక్సుల వైపు వెళ్లాలనుకునేవాళ్లకు గ్రాఫిక్స్ లైబ్రరీలు తప్పనిసరి.

రెజ్యూమేలో తేడా కూడా చూడండి. "పైథాన్, ఓపెన్‌సీవీ, పిల్లో తెలుసు" అని అందరూ రాస్తారు. "పిల్లోలో తెలుగు ఒత్తులు విరిగిపోవడానికి కారణం షేపింగ్ లైబ్రరీ లేకపోవడమని గుర్తించి, విండోస్, ఉబుంటు రెండింటిలో సరిచేసి, పరీక్షలు రాశాను" అని ఎంతమంది రాస్తారు? రెండో వాక్యం చదివినవాళ్లు దాని గురించే ప్రశ్న అడుగుతారు. అప్పుడు ఇంటర్వ్యూ మీకు తెలిసిన నేల మీద జరుగుతుంది. హైదరాబాద్‌లో మూడు నెలల కోర్సుకు వేలకు వేలు కట్టలేని ఇంటి నుంచి వచ్చినవాళ్లకు ఇది ఇంకా ముఖ్యం. ఈ విద్యకు పాత లాప్‌టాప్, ఓపిక, మనకు పుట్టుకతో వచ్చిన తెలుగు చాలు.

నాలుగు వారాల్లో ఇలా

మొదటి వారం, చూడటం నేర్చుకోండి. లినక్స్‌లో ఎల్‌డీడీ అనే కమాండ్ ఒక ప్రోగ్రాం ఏయే లైబ్రరీల మీద ఆధారపడిందో, అవి ఎక్కడ దొరికాయో చూపిస్తుంది. లినక్స్ లేకపోతే విండోస్‌లోనే డబ్ల్యూఎస్ఎల్ ఎక్కించుకోవచ్చు. విండోస్‌లో అయితే 'డిపెండెన్సీస్' అనే ఉచిత టూల్ ఉంది. మైక్రోసాఫ్ట్ వారి ప్రాసెస్ మానిటర్‌తో ప్రోగ్రాం ఏ ఫోల్డర్లలో ఏ డీఎల్ఎల్ కోసం వెతికి విఫలమైందో వరసగా చూడొచ్చు. రోజూ వాడే ఐదు సాఫ్ట్‌వేర్లను ఇలా విప్పి చూడండి.

రెండో వారం, సొంతంగా ఒక చిన్న లైబ్రరీ తయారుచేయండి. సీ భాషలో రెండు సంఖ్యలు కూడే ఫంక్షన్ చాలు. దాన్ని ఎస్ఓగా, డీఎల్ఎల్‌గా మార్చి ఇంకో ప్రోగ్రాం నుంచి పిలవండి. తర్వాత కావాలనే ఆ ఫైలు తీసేయండి, పేరు మార్చండి, ఫంక్షన్ మార్చండి. ఏ తప్పుకు ఏ మెసేజ్ వస్తుందో నోట్‌బుక్‌లో రాసుకోండి. తెలిసి చెడగొట్టినప్పుడు నేర్చుకున్నంత ఇంకెలాగూ నేర్చుకోలేం.

మూడో వారం, తెలుగు. హార్ఫ్‌బజ్‌తో హెచ్‌బీ-షేప్, హెచ్‌బీ-వ్యూ అనే రెండు చిన్న టూల్స్ వస్తాయి. ఒక ఫాంటు, ఒక మాట ఇస్తే ఏయే ఆకారాలు ఏ వరసలో వచ్చాయో చెప్తాయి, బొమ్మగా గీసి చూపిస్తాయి. పల్నాడు, మాచర్ల, లక్ష్మి, స్త్రీ, జ్ఞానం లాంటి మాటలను నాలుగు ఫాంట్లతో నడిపి పోల్చండి.

నాలుగో వారం, దొరికిన తప్పును పద్ధతిగా రిపోర్ట్ చేయండి. లిబ్రేఆఫీస్, ఫైర్‌ఫాక్స్, హార్ఫ్‌బజ్, ఫాంట్లు తయారుచేసే ప్రాజెక్టులు అన్నిటికీ తప్పులు నమోదుచేసే చోట్లు ఉన్నాయి. సాఫ్ట్‌వేర్ వెర్షన్, ఫాంటు వెర్షన్, టైప్ చేసిన కోడ్ల వరస, వచ్చిన బొమ్మ, రావాల్సిన బొమ్మ. ఈ ఐదూ ఉంటే మంచి రిపోర్ట్. ఏ దేశంలోనో కూర్చున్న ప్రోగ్రామర్‌కు 'మాచర్‌ల' తప్పని, 'మాచర్ల' ఒప్పని తెలియదు. అది చెప్పగలిగేది మీరే. మన ప్రాంతంలో ఫ్రీ సాఫ్ట్‌వేర్ కోసం పనిచేస్తున్న స్వేచ్ఛ లాంటి సంస్థల కార్యక్రమాలు దగ్గర్లో జరిగితే వెళ్లండి. ఒంటరిగా చేసేకంటే తోడు ఉంటే త్వరగా అబ్బుతుంది.

కాలేజీలకూ ఒక మాట

ల్యాబ్‌లో డీఎల్ఎల్ ఎర్రర్ వస్తే "సిస్టమ్ మార్చుకుని కూర్చో" అనడం చాలాచోట్ల అలవాటు. ఆ ఎర్రర్‌నే ఆరోజు పాఠంగా తీసుకుంటే ఎంత బాగుంటుంది! ఆపరేటింగ్ సిస్టమ్స్ సబ్జెక్టులో డైనమిక్ లింకింగ్ ఎలాగూ ఉంది. పరీక్షకు రెండు మార్కుల ప్రశ్నగా చదివి మర్చిపోయే ఆ అంశానికి, ఎదురుగా మొరాయిస్తున్న కంప్యూటర్‌కంటే మంచి ఉదాహరణ ఎక్కడ దొరుకుతుంది? దీనికి కొత్త ల్యాబ్ అక్కర్లేదు, అదనపు బడ్జెట్ అక్కర్లేదు. ఒక సార్, ఒక గంట చాలు.

విద్యార్థులు మాత్రం కాలేజీ కోసం ఆగొద్దు. ఈసారి ఆ చిన్న పెట్టె తెరమీదకు వచ్చినప్పుడు వెంటనే మూసేయకండి. ఫైలు పేరు రాసుకోండి. అది ఎవరు తయారుచేశారు, ఏం పని చేస్తుంది, మీ కంప్యూటర్లో ఎందుకు లేదు అనే మూడు ప్రశ్నలకు జవాబు దొరికాకే సరిచేయండి. మొదటిసారి రెండు గంటలు పడుతుంది. పదోసారి పది నిమిషాలు. ఆ పది నిమిషాల మనిషి కోసం చూసే టీములు చాలానే ఉన్నాయి.